ఒక సైజు తక్కువ

ఒక మహిళా మాసపత్రికలో పదకొండేళ్లుగా బట్టల గురించి పేజీ రాస్తున్నాను. ఎండాకాలానికి ఏ నేత మంచిది, ఏ ఒంటికి ఏ కుట్టు నప్పుతుంది, పెళ్లికి ఏ అంచు బాగుంటుంది, ఇలాంటివి. కాకినాడలో మా డాబా మీద కూర్చుని రాసి పంపేస్తాను. చదివినవాళ్లు ఏం చేస్తారో ఎప్పుడూ ఆలోచించలేదు.

మాఘమాసం చివర్లో పత్రికవాళ్లు ఒక ఉత్తరం పంపారు. బాన్సువాడ దగ్గర బీర్కూర్ నుంచి సంధ్య అనే ఆవిడ రాసింది.

"మేడం, మూడేళ్ల క్రితం వసంత సంచికలో ఎద నిండుగా ఉన్న ఆడవాళ్ల కోసం మీరు రాసిన పేజీని కత్తిరించి బీరువా తలుపుకి లోపలివైపు అంటించుకున్నాను. అప్పటినుంచి ముదురు రంగులే కడుతున్నాను. మందం గుడ్డే కుట్టిస్తున్నాను. లోపల ఒక సైజు తక్కువది వేసి, దాని మీద ఇంకొకటి వేస్తున్నాను. చున్నీ రెండు భుజాలకీ పిన్నులు పెడుతున్నాను. అయినా చూసేవాళ్లు చూస్తూనే ఉన్నారు. నేను బడిలో ఆటలు నేర్పే టీచర్ని. ఇప్పుడు పరుగెత్తడం కూడా మానేశాను. ఇంకా ఏమేం మానాలో దయచేసి రాయండి."

కింద ధన్యవాదాలు చెప్పి, ఫోన్ నంబరు రాసింది.

ఆవిడ తిట్టి ఉంటే జవాబు రాయడం తేలికయ్యేది. నేను సన్నగా ఉండే మనిషిని. ఆ ఇబ్బంది నా ఒంటికి తెలియదు. ఆ పేజీలో ఉన్నదంతా అక్కడా ఇక్కడా చదివింది ఏరి కూర్చింది. రెండు రోజులు కాగితం ముందు కూర్చున్నాను. ఒక్క వాక్యం రాలేదు. మూడో రోజు ఫోన్ చేసి, మీ ఊరు వస్తానన్నాను. ఏ రోజు, ఏ బస్సుకని అడిగింది. తర్వాత, "రాండ్రి మేడం. మా ఇంట్లనే ఉండాలె," అంది.

ముడి రవిక

నిజామాబాద్‌లో రైలు దిగి బాన్సువాడ బస్సెక్కాను. ఫాల్గుణం వచ్చేసింది. గట్ల మీద మోదుగులు ఆకు రాల్చి పూలతో నిలబడి ఉన్నాయి. వాటి వెనకాల కాలువ కింద యాసంగి వరి కంటికి ఆనినంత దూరం పచ్చగా ఉంది. మా గోదావరి పొలాలే కదా అనిపించింది గానీ, గట్ల మీద కొబ్బరి చెట్లు లేకపోవడంతో ఏదో బోసిగా తోచింది.

నా పక్కన మద్నూర్ వెళ్లే ముసలావిడ కూర్చుంది. గోచీ పెట్టి కట్టిన పెద్ద చీర, నుదుట రూపాయి కాసంత బొట్టు. ఫోన్లో మరాఠీ మాట్లాడింది. నాతో తెలుగు మాట్లాడింది. ఎక్కడినుంచి, ఎందుకు అని అడిగింది. బట్టల గురించి రాస్తానని చెబితే కొంగు పక్కకు జరిపి తన రవిక చూపించింది. హుక్కులు లేవు. కింద ముందువైపు గట్టి ముడి.

"మా అత్త గిట్లనే కట్టింది. నేను గిట్లనే కడుత," అంది. "పిల్లలు పుట్టినంక ఒళ్లొచ్చింది, ముడి వదులు జేసిన. ఇప్పుడు ఎండిపొయిన, బిగిస్తున్న. దర్జీతోని పనిలేదు."

ఆవిడ సంచిలోంచి వేయించిన పల్లీలు తీసి నా చేతిలో పోసింది. మా వైపు బస్సులో ఎవరైనా ఏదైనా పెడితే ఒకటికి రెండుసార్లు వద్దనడం మర్యాద. ఇక్కడ ఒకసారి వద్దంటే నొచ్చుకుంటారని ఆవిడ ముఖం చూశాక తెలిసింది. తిన్నాను.

బీర్కూర్

బాన్సువాడ బస్టాండులో సంధ్య నా కోసం నిలబడి ఉంది. ముప్పై నాలుగు, ముప్పై ఐదేళ్లుంటాయి. పొడవైన మనిషి. నల్లటి నీలం రంగు చుడీదార్, మెడ దాకా మూసిన కుట్టు, దాని మీద దళసరి చున్నీ. సాయంత్రం అయినా వేడి తగ్గలేదు. ఆమె పైపెదవి మీద చెమట నిలిచి ఉంది. నా పెట్టె అందుకోవడానికి వంగి, లేచేటప్పుడు ఒక్క క్షణం ఊపిరి కోసం ఆగింది. అది నాకు కనబడకూడదని నవ్వింది.

బీర్కూర్‌లో వాళ్లకు వరి, చెరుకు ఉన్నాయి. భర్త నరేశ్ నన్ను పలకరించి, నీళ్లు మళ్లించాలని మడి మీదికి వెళ్లాడు. అత్తగారు గంగవ్వ కట్టెల పొయ్యి ముందు జొన్నరొట్టె కొడుతోంది. చపాతీ కర్రతో పనిలేదు. అరచేతితో తట్టి తట్టి చంద్రుడిలా చేసి పెనం మీద వేస్తుంది, పైన నీళ్లు రాస్తుంది. పచ్చిపులుసు, వెల్లుల్లి కారం, వేడి రొట్టె. పట్నంలో ఈ రొట్టె ఒకటి ఇరవై రూపాయలకు అమ్ముతున్నారని చెప్పి గంగవ్వ తల ఊపింది. నేను రెండు తిని చాలన్నాను. ఆవిడ మూడోది వేసింది.

"ఏం పని మీద వచ్చినవ్ బిడ్డా," అని అడిగింది.

సంధ్య నా వైపు చూసింది. నేను నిజమే చెప్పాను. మీ కోడలు నాకు రాసిందని, బట్టల సంగతి మాట్లాడడానికి వచ్చానని.

గంగవ్వ రొట్టె తిరగేసింది. "మా కాలంల గిది ఎవరు జూశిన్రు. నాట్లేసినం, కలుపు దీసినం. పని జూశిన్రు, పైసలిచ్చిన్రు. గిప్పుడు అందరి చేతుల ఫోనుండె. జూసుడే పని."

ఆ ఒక్క మాటతో ఇంట్లో ఏదో జరిగిందని అర్థమైంది. అడగలేదు.

కూత

శనివారం ఉదయం సంధ్యతో కలిసి బస్సులో బాన్సువాడ వెళ్లి వాళ్ల బడి చూశాను. వెనకాల పెద్ద గ్రౌండు, చుట్టూ నడుమెత్తు గోడ, అవతల రోడ్డు. తొమ్మిదో తరగతి ఆడపిల్లలు కబడ్డీ ఆడుతున్నారు. సంధ్య నీళ్ల ట్యాంకు నీడలో నిలబడి ఈల ఊదుతోంది.

పెళ్లికి ముందు ఆమె జిల్లా జట్టులో కూతకు వెళ్లే ఆటగత్తె అని గంగవ్వ చెప్పింది. ఒక్క ఊపిరి మీద కబడ్డీ కబడ్డీ అంటూ అవతలి జట్టులోకి వెళ్లి, ముట్టుకుని, ఊపిరి తెగకుండా వెనక్కి రావాలి. ఆ రోజు ఒక పిల్ల మధ్యలోనే కూత ఆపేసి పట్టుబడుతోంది. సంధ్య నీడలోంచే చెప్పింది.

"ఊపిరి కిందికెల్లి తీస్కోవాలె. పొట్టల నుంచి."

"ఎట్ల మేడం? జేసి చూపియ్యండ్రి," అంది పిల్ల.

సంధ్య నోరు తెరిచి ఊపిరి తీసుకోబోయింది. భుజాలు లేచాయి గానీ ఛాతీ కదల్లేదు. దగ్గు వచ్చింది. ఈల ఊది, "మంచిది, ఇంకో జట్టు రాండ్రి," అంది.

పిల్లలు ఒకరి ముఖం ఒకరు చూసుకోలేదు, నవ్వలేదు. వాళ్లకు అది అలవాటైపోయినట్టుంది. నాకు ఆ నీడలో నిలబడడం కష్టమైంది.

పరదా వెనక

బాన్సువాడలో మంచి లేడీస్ టైలర్ ఎవరని అడిగితే, సత్యవతమ్మ అని చెప్పింది సంధ్య. కానీ ఎప్పుడూ అక్కడికి వెళ్లలేదట. ఎందుకంటే ఆవిడ కొలత తీసుకోకుండా కుట్టదు. సంధ్య పాత జాకెట్టు ఇచ్చి కుట్టించుకుంటుంది, ముట్టుకుని కొలిచేవాళ్ల దగ్గరికి పోదు. ఆ మధ్యాహ్నం నేను బతిమాలి తీసుకెళ్లాను.

సత్యవతమ్మకు అరవై దాటాయి. వాళ్ల తాతగారు కాలువ కింద భూములు కొనుక్కుని భీమవరం వైపు నుంచి వచ్చారు. ఆవిడ ఇక్కడే పుట్టింది. నాతో గోదావరి మాట, సంధ్యతో ఇక్కడి మాట, గుమ్మం దాటినంత తేలికగా మార్చేస్తుంది. "కాకినాడా అండీ," అని కుర్చీ తుడిచి వేసింది.

దుకాణం వెనక పూల పరదా, దాని వెనక చిన్న గది, ఒక ఫ్యాను. ముగ్గురం లోపలికి వెళ్లాం. సంధ్య చున్నీ పిన్నులు తీసింది. పైది తీసింది. లోపల వేసుకున్న రెండూ విప్పింది. అప్పుడు చూశాను.

రెండు భుజాల మీదా పట్టీలు దిగి వేలు పట్టేంత గాడులు పడ్డాయి. అక్కడ చర్మం నల్లబడిపోయింది. ఎద కింద చుట్టూ ఎర్రగా ఒరుసుకుపోయి, ఒకచోట పుండు చెక్కు కట్టి ఉంది. దాని మీద పౌడరు అద్దుకుంది.

సత్యవతమ్మ టేపు పక్కన పెట్టింది. "ఎవరు చెప్పిన్రు బిడ్డా నీకు, గిట్ల బిగించుకోమని?"

సంధ్య నా వైపు చూడలేదు, నేలకేసి చూస్తూ నిలబడింది. నన్ను కాపాడుతోందని అర్థమైంది.

"నేనే," అన్నాను. "పత్రికలో రాశాను. ఒక సైజు తక్కువది వేస్తే అణిగి కనిపిస్తుందని."

సత్యవతమ్మ నా వైపు తిరిగింది. కోప్పడుతుందనుకున్నాను. టేపు తీసి నా చేతిలో పెట్టింది.

"అయితే మీరే కొలవండి."

నేను టేపు ఎద మీదుగా చుట్టి ఒక అంకె చెప్పాను. ఆవిడ తల అడ్డంగా ఊపి, నా చేతులు పట్టుకుని కిందికి దించింది. "ముందు ఎద కింద చుట్టూ. ఊపిరి వదిలాక. తర్వాత నిండుగా ఉన్నచోట, బిగించకుండా. ఈ రెంటికీ ఎంత తేడా ఉందో అదే కప్పు. మీరు ఒక్కటే కొలిచారు. అందరూ ఒక్కటే కొలుస్తారు." తర్వాత భుజం నుంచి ఎద మొన దాకా, మొన నుంచి నడుము దాకా, ఒక మొన నుంచి రెండో మొన దాకా కొలిపించింది. పదకొండేళ్లు రాసిన నాకు ఆ చివరి కొలత ఒకటుందనే తెలియదు.

"బరువు మోసేది భుజాల పట్టీలు కాదండీ. కింద చుట్టూ పట్టే పట్టీ. అది సరిగ్గా ఉంటే పైవి ఊరికే ఆనుకుని ఉంటాయి. పట్టీలు వెడల్పువి కావాలి. బిగిస్తే చిన్నగా కనబడదు, పక్కలకీ పైకీ పొంగుతుంది. దాన్ని కప్పడానికి ఇంకోటి వేసుకుంటారు. ఇంక ఊపిరెక్కడ ఆడుతుంది."

నా మూడేళ్ల నాటి సలహాలన్నీ ఆవిడ ఒక్కొక్కటిగా విప్పింది. మెడ దాకా మూసిన కుట్టు నిండు ఎదను ఇంకా పెద్దదిగా చూపిస్తుంది, ఉడకబెడుతుంది. మెడ కిందికి కొద్దిగా కోసుగా, వి ఆకారంలో దిగాలి. మందం గుడ్డ ఒంటికి దూరంగా డేరాలా నిలబడుతుంది, కాబట్టి ఉతికి మెత్తబడిన నూలు మేలు. భుజం మీది నుంచి ఎద మీదుగా నడుముకు దిగే నిలువు కుట్టు వేస్తే గుడ్డ ఒంటి వెంట నడుస్తుంది. ఎద మీద జేబు, కుచ్చులు, పూసల పని వద్దు. చీర మీదికైతే కప్పు ఆకారంలో ముక్కలు కోసి కలిపే కటోరి కుట్టు, హుక్కులు దగ్గర దగ్గరగా, అప్పుడు మధ్యలో సందు పడదు. పైట కుచ్చులు సన్నగా పెట్టి భుజం మీద ఒక్క పిన్ను చాలు. రంగు మాత్రం మనిషి ఇష్టం.

"ఏ రంగు బిడ్డా?" అని అడిగింది.

సంధ్య అద్దంలో తనను చూసుకుంటోంది. ఇష్టం అనే మాట విని చాలాకాలమైనట్టు ఆలోచించింది. "మోదుగు పువ్వు రంగు," అంది.

ముందు ఆ పుండుకు దవాఖానకు పోయి మందు రాయించుకోమని, మానేదాకా బిగుతు బట్ట వేయొద్దని చెప్పి పంపింది సత్యవతమ్మ. కుట్టుకూలి చుడీదార్‌కు నాలుగు వందలు. మా ఊళ్లో ఇంతకన్నా ఎక్కువే, కానీ ఐదు కొలతలు ఎవరూ తీయరు.

నంబరు

లోదుస్తుల దుకాణంలో మగమనిషి కూర్చుని ఉన్నాడు. ఆడవాళ్లు సత్యవతమ్మ సైజు నంబరు రాసిచ్చిన చీటీ బల్ల మీద పెడితే, ఆయన చూసి, నల్ల కవర్లో చుట్టి ఇస్తాడు. నోటితో ఎవరూ చెప్పరు. మా కాకినాడలోనూ అంతే, చీటీ ఒక్కటే తేడా.

సంధ్య చీటీ చూసి ఆయన, "గింత నంబర్ మా దగ్గర రాదు అక్క. గిది పెట్టుకో, అడ్జస్ట్ అయితది," అని చిన్నది తీశాడు.

ఆమె చేయి దాని మీదికి వెళ్లింది. మూడేళ్ల అలవాటు. నేను నోరు తెరవబోయి ఆగాను. సలహా ఇవ్వడానికి నాకు ఏం మిగిలిందని.

సంధ్య చేయి వెనక్కి తీసుకుంది. "అడ్జస్ట్ కాదన్నా," అంది. తర్వాత నంబరు పైకి చెప్పింది. దుకాణంలో ఇంకో ఇద్దరు ఆడవాళ్లు ఉన్నారు. "గదే కావాలె. పట్టీలు వెడల్పుగ. ఆటలకు వేసుకునేటిది. నిజామాబాద్ నుంచి తెప్పియ్యి."

ఆయన తల ఊపి రాసుకున్నాడు. రేపు సాయంత్రం బస్సుకు వస్తుందన్నాడు.

నిజాంసాగర్

ఆదివారం సత్యవతమ్మ కుడుతుండగా మేం నిజాంసాగర్ ఆనకట్ట చూడడానికి వెళ్లాం. సంధ్య ఆ రోజు దవాఖానలో ఇచ్చిన మందు రాసుకుని గంగవ్వ వదులు జాకెట్టు వేసుకుంది. చీర కట్టింది. కట్ట మీద నడుస్తుంటే నా చెప్పు తెగింది. ఎండకు కాలిన రాయి మీద గెంతుతూ నడిచాను. ఆమె తన చెప్పులు ఇచ్చి, తాను వట్టి కాళ్లతో నడిచింది. వద్దన్నా వినలేదు.

మంజీర నీళ్లు కట్టకు దూరంగా జరిగిపోయి, మధ్యలో బురద కనిపిస్తోంది. తూముల్లోంచి కాలువకు మాత్రం నీళ్లు జోరుగా పోతున్నాయి. నీడ చూసుకుని కూర్చున్నాం. అక్కడ చెప్పింది.

నిరుడు బడి ఆటల పండుగలో పిల్లలతో కలిసి పరుగెత్తింది. గోడ అవతలి నుంచి ఎవరో ఫోన్లో తీశారు. ఎద మీదనే తీశారు. దానికి పాట పెట్టి పంపారు. అది ఊరంతా తిరిగి నరేశ్ ఫోన్లోకీ వచ్చింది.

"ఆయన నన్నేం అనలే అక్క," అంది. అప్పటిదాకా మేడం అన్న మనిషి, ఎప్పుడు అక్క అయ్యానో నేను గమనించలేదు. "ఫోన్ పక్కకు పెట్టి అన్నం తిన్నడు. తెల్లారి, ఇగ గ్రౌండ్ల పని ఎందుకు, వేరే పని అడుగు అన్నడు. అన్నది గంతే. కోపం గాదు, బాధ."

"నువ్వేం చేశావు?"

"అర్జీ రాసిన. గ్రౌండ్ వద్దు, లైబ్రరీ పని ఇయ్యండ్రి అని. సంచిల ఉంది. సోమవారం ప్రిన్సిపాల్ సారుకు ఇద్దామనుకున్న." కాలువ వైపు చూసింది. "నేను బోతే పిల్లలకు కబడ్డీ నేర్పెటోళ్లు లేరు. ఆట బందైతది. గది ఫికర్."

ఇవ్వొద్దని చెప్పాలనిపించింది. మళ్లీ నేను ఒకరి జీవితానికి సలహా రాసినట్టే అవుతుందని ఊరుకున్నాను. అడిగింది ఒక్కటే. "నీ సంగతి సరే. ఆ వీడియో తీసినవాడు ఏం మానేశాడు?"

ఆమె లేచి చీర దులుపుకుంది. తిరిగి వచ్చేటప్పుడు దారిలో కాల్చిన మక్క కంకులు కొని, ఇద్దరం తిన్నాం.

సోమవారం

మోదుగు రంగు చుడీదార్‌లో సంధ్య గ్రౌండులోకి వచ్చినప్పుడు పిల్లలు కాసేపు గుర్తుపట్టనట్టు చూశారు. చున్నీ నడుముకు బిగించి కట్టింది. నీళ్ల ట్యాంకు నీడ దాటి, నేరుగా గీత దగ్గరికి వెళ్లింది. పుండు పూర్తిగా మానలేదు. లోపల మెత్తటి పాత నూలు బట్ట మడిచి పెట్టుకుని, దాని మీద నిజామాబాద్ నుంచి వచ్చింది వేసుకుంది. ఒక్కసారికే అని గంగవ్వకు మాటిచ్చి వచ్చింది.

ఊపిరి తీసుకుంది. కూత మొదలుపెట్టింది. గొంతు మొదట సన్నగా, తర్వాత నిలకడగా సాగింది. నాలుగు అడుగులు వేసిందో లేదో గోడ అవతల నుంచి నవ్వు వినబడింది. ఇద్దరు మనుషులు బండి ఆపి చూస్తున్నారు. ఒకడి చేతిలో ఫోను లేచింది.

కూత తెగింది.

సంధ్య అలాగే నిలబడింది. నేను ట్యాంకు దగ్గర నిలబడి చూశాను. సరిగ్గా కుట్టిన బట్టలు నవ్వును ఆపుతాయని మనసులో ఎక్కడో నమ్మినట్టున్నాను. ఆపలేదు. ఏ బట్టా ఆపదు.

ఆమె గోడ దగ్గరికి నడిచింది. పరుగెత్తలేదు, అరవలేదు.

"ఫోన్ జేబుల పెట్టు అన్నా. గిది ఆడపిల్లల గ్రౌండ్."

"రోడ్డు మీదున్నం. నీకేంది," అన్నాడు వాడు.

"మంచిది, ఉండు. నీ బండి నంబర్ రాసుకుంటున్న." వెనక్కి తిరిగి ఒక పిల్లను పాయింట్లు రాసే పలక తెమ్మంది. పిల్లలు మొత్తం గోడ దగ్గరికి వచ్చేశారు. పద్నాలుగు మంది. గోడ వెంట వరుసగా నిలబడ్డారు. వాడు ఏదో గొణిగి బండి తీశాడు.

సంధ్య వెనక్కి వచ్చి గీత మీద నిలబడింది. మళ్లీ ఊపిరి తీసుకుంది, ఈసారి కింది నుంచి. కూతతో అవతలి జట్టులోకి వెళ్లి, ఇద్దర్ని ముట్టుకుని, గీత దాటి ఇవతలికి వచ్చాక కూడా కాసేపు కూత ఆపలేదు.

తిరిగి వచ్చాక

అర్జీ ఇవ్వలేదని నాలుగు రోజుల తర్వాత ఫోన్లో చెప్పింది. నరేశ్ ఇంకా భయపడుతున్నాడట. బండి నంబరు పట్టుకుని ఠాణాకు మాత్రం తనతో వచ్చాడట.

ఈ ఏటి వసంత సంచికకు నేను రెండు భాగాలు రాసి పంపాను. సత్యవతమ్మ చెప్పిన కొలతలు, కుట్లు, మెడలు ఒక భాగం. రెండోది ఐదు వాక్యాలు. పత్రికవాళ్లు మొదటిది రంగుల బొమ్మలతో వేశారు. రెండోదానికి చోటు లేదన్నారు. పాతది ఎవరికి గుర్తుంటుందండీ అని కూడా అన్నారు. గుర్తుపెట్టుకున్న ఒక మనిషి ఇంట్లో నేను మూడు రాత్రులు పడుకుని వచ్చాను. అందుకని ఆ వాక్యాలు ఇక్కడ రాస్తున్నాను.

ఎద నిండుగా ఉన్నవాళ్లు ఒక సైజు తక్కువ వేసుకోమని నేను రాసింది తప్పు. తెలియకుండా రాశాను, కొలవకుండా రాశాను. నా మాట విని ఎవరైనా ఇంకా అలా వేసుకుంటుంటే ఈరోజే విప్పేయండి, ఒరుసుకున్న చోట మందు రాసుకోండి. దాచుకోవాల్సిన తప్పు మీ ఒంట్లో ఏమీ లేదు. ఒకరికి నొప్పి కలిగించాను, ఇంకా ఎందరికో తెలియదు, వాళ్లందరినీ క్షమించమని అడుగుతున్నాను.